కొరియన్ సినిమాలో వాన మెట్లు ఎందుకు దిగుతుంది?

కొరియన్ సినిమాల సీన్లు రీల్స్‌లో రోజూ చూస్తూనే ఉన్నాం కదా. అవి అంతలా ఎందుకు గుర్తుండిపోతాయి? నాకు కనిపించే కారణం ఒక్కటే. అక్కడ డైలాగ్ కంటే ముందు చోటు మాట్లాడుతుంది.

పార్క్ చాన్-వుక్ తీసిన 'ఓల్డ్‌బాయ్' (2003) చూడండి. ఇరుకు కారిడార్, హీరో చేతిలో సుత్తి, ఎదురుగా ఒక గుంపు. కెమెరా పక్కనుంచి కట్ లేకుండా కదులుతుంది. హీరో కొడతాడు, పడతాడు, ఆయాసపడతాడు, మళ్లీ లేస్తాడు. కట్ లేదు కాబట్టి ఆ అలుపు మనకూ తెలుస్తుంది.

ఇప్పుడు 'పారసైట్' (2019)కి వద్దాం. బాంగ్ జూన్-హో సినిమా. ఉత్తమ చిత్రంతో కలిపి 4 ఆస్కార్లు వచ్చాయి. సగం దాకా నవ్విస్తుంది. తర్వాత వాన మొదలవుతుంది. పెద్దింట్లోంచి పారిపోయిన తండ్రి, కొడుకు, కూతురు మెట్లు దిగుతూనే ఉంటారు. నీళ్లు కూడా వాళ్లతోపాటే దిగుతాయి. కింద వాళ్ల ఇల్లు 'బంజిహా', అంటే సగం నేలలోకి ఉండే ఇల్లు. మురుగునీళ్లతో మునిగిపోయి ఉంటుంది. తెల్లారి ఆ పెద్దింటావిడ కారులో కూర్చుని, వాన పడ్డం మంచిదైంది, ఆకాశం తేటపడింది అంటుంది. డ్రైవర్ సీట్లో ఆ తండ్రే ఉంటాడు. వాన ఒక్కటే, కానీ ఎవరు ఎంత ఎత్తులో ఉన్నారన్నదే కథ.

ఇది సినిమా కోసం అల్లిన కష్టం కాదు. 2022 ఆగస్టులో సియోల్ వరదకి ఇలాంటి ఇంట్లోనే ఒకే కుటుంబంలో ముగ్గురు చనిపోయారు. మనకైతే 2023 జులై 27 గుర్తుంది. భూపాలపల్లి దగ్గర మోరంచపల్లిని వాగు ముంచేస్తే, జనం ఇంటి కప్పులెక్కారు, హెలికాప్టర్లు వచ్చాయి. అది చూసినవాళ్లకి పారసైట్ వాన సీన్‌ని విడమర్చి చెప్పక్కర్లేదు.

నవ్విస్తూ నవ్విస్తూ గొంతు పట్టేయడం కూడా అక్కడి స్టైలే. మన సమంత 'ఓ బేబీ' (2019) కొరియన్ 'మిస్ గ్రానీ'కి రీమేక్. ఆ ఒరిజినల్ తీసింది 'స్క్విడ్ గేమ్' తీసిన హ్వాంగ్ డాంగ్-హ్యుకే! అందులో హాస్పిటల్ సీన్ గుర్తుందా? అప్పటిదాకా కామెడీనే. అక్కడ కొడుకు తల్లిని గుర్తుపట్టి, వెళ్లి నీ బతుకు నువ్వు బతుకమ్మా అన్నట్టు మాట్లాడతాడు. భాష మారినా ఏడుపు మారలేదు.

ఈసారి కొరియన్ సినిమా చూసేటప్పుడు సబ్‌టైటిల్స్ మీంచి కాసేపు చూపు తిప్పండి. ఎవరు పైన ఉన్నారు, ఎవరు కింద ఉన్నారు? అది చూడండి, కథ సగం దొరికినట్టే. మీకు గుర్తున్న సీన్ కామెంట్‌లో రాయండి. మళ్లీ కలుద్దాం.