సభాపతి మౌనము
దూరదర్శన్ తెరపై రాజకీయ నాయకుడు కనిపించుట నేడు వింత కాదు. ఉదయము మొదలు అర్ధరాత్రి వరకు ఎవరో ఒకరు మాట్లాడుచునే యుందురు. తాను మాట్లాడుటకు గాక ఇతరులను మాట్లాడించుటకును, హద్దు మీరినచో కూర్చుండబెట్టుటకును తెరకెక్కిన నాయకుడు మాత్రము అరుదు. అట్టివారొకరు కోనసీమలో జన్మించిరి.

గంటి మోహనచంద్ర బాలయోగిగారు 1951 అక్టోబరు 1వ తేదీన గౌతమీ తీరమందలి ఎదుర్లంకలో, ఒక దళిత కుటుంబమున పుట్టిరి. ఆంధ్ర విశ్వవిద్యాలయమున చదివి, కాకినాడలో న్యాయవాదిగా నుండి, 1991లో తెలుగుదేశము పక్షమున అమలాపురము నుండి లోక్‌సభకు ఎన్నికైరి. 1996లో ఓటమి, పిమ్మట ముమ్మిడివరము శాసనసభ్యత్వము, రాష్ట్రమున ఉన్నత విద్యాశాఖ, 1998లో మరల లోక్‌సభ. ఆ సంవత్సరము మార్చి 24న సభాపతి యైరి. ఆ పీఠమధిష్ఠించిన తొలి దళితులు వారే.

పార్లమెంటులోనికి కెమెరా ప్రవేశించి అప్పటికి ఎంతో కాలము కాలేదు. 1989 డిసెంబరులో రాష్ట్రపతి ప్రసంగమును తొలిసారి ప్రత్యక్షముగా చూపిరి. 1994 డిసెంబరు నుండి ప్రశ్నోత్తరముల సమయము ప్రత్యక్షముగా ప్రసారము కాజొచ్చెను. లోక్‌సభకు సొంత చానలు 2006లో గాని రాలేదు. సభలో అల్లరి చెలరేగినప్పుడు కెమెరా సభాపతి వైపు మరలుట పరిపాటి. అందుచే దేశమున ఎంత గందరగోళము జరిగిన, చూచువారికి అంతగా ఎదుర్లంక బిడ్డ ముఖము కనిపించెడిది!

ఆ ముఖమును దేశమంతయు ఊపిరి బిగబట్టి చూచిన దినము 1999 ఏప్రిల్ 17. వాజపేయి ప్రభుత్వము విశ్వాస పరీక్ష నెదుర్కొనుచుండెను. నాడొక చిక్కు ప్రశ్న బయలుదేరెను. కాంగ్రెసు సభ్యుడైన గిరిధర్ గమాంగ్ ఫిబ్రవరిలోనే ఒరిస్సా ముఖ్యమంత్రి యయ్యెను గాని, లోక్‌సభ సభ్యత్వమును వదలుకొనలేదు. అట్టివాడు ఓటు వేయవచ్చునా? సభాపతి ఆయనను వారింపలేదు. ఆ విషయమును ఆయన అంతరాత్మకే విడిచిరి. గమాంగ్ ప్రభుత్వమునకు వ్యతిరేకముగా ఓటు వేసెను. సభాపతి లెక్కను ప్రకటించిరి: అనుకూలము 269, ప్రతికూలము 270. పదమూడు నెలల ప్రభుత్వము ఒక్క ఓటుతో కూలెను.

ఇచ్చట పాఠకులు కొంత ఆగి లెక్క వేసి చూడవలెను. రాజ్యాంగము 100వ అధికరణము ప్రకారము సభాపతికి మొదట ఓటు లేదు. ఇరువైపుల ఓట్లు సమానమైనచో మాత్రమే నిర్ణాయకమగు ఓటు వారి చేతికి వచ్చును. గమాంగును వారించి, తక్కిన ఓట్లన్నియు ఉన్నట్లే ఉన్నచో లెక్క 269కి 269 అయ్యెడిది. అప్పుడు ప్రభుత్వపు ప్రాణము బాలయోగిగారి ఒక్క ఓటులో నుండెడిది. వారి తెలుగుదేశము ఆనాడు వాజపేయి పక్షముననే ఓటు వేసెను సుమా!

ఈ లెక్క ముందుగా ఎవరికి తెలియును? తెలియదు గనుకనే ఆ నిర్ణయమునకు విలువ. నాటి నుండి గమాంగ్ ఓటు సరియా కాదా యని వాదించువారు వాదించుచునే యున్నారు. వారించియున్నచో పక్షపాతమందురు, వారింపకున్న బలహీనత యందురు. చట్టమును బట్టి చూచిన ఆయన సభ్యుడే. శాసనసభ్యత్వము లేకయే ఆరు మాసముల వరకు మంత్రి పదవిలో నుండుటకు రాజ్యాంగము అవకాశమిచ్చుచున్నది. సభ్యుని ఓటును సభాపతి తన యిష్టము కొలది కాదనరాదు. తన పక్షమునకు నష్టము కలిగించు నిర్ణయమును తన నోటనే వెలువరించి, ఆ ఫలితమును తానే చదివి వినిపించుట సులభమైన పని కాదు.

ఆనాటి దృశ్యము నేటికిని అంతర్జాలమున లభించును. 100వ అధికరణమును బోధించు ఉపాధ్యాయులు నల్లబల్లపై రెండంకెలు వ్రాసి ఆ దృశ్యమును చూపినచో, విద్యార్థులకు సూత్రము వేరుగ వల్లె వేయవలసిన పని యుండదు.

ఆ సంవత్సరమే ఎన్నికలు జరిగెను. అక్టోబరు 22న సభ ఆయననే మరల సభాపతిగా ఎన్నుకొనెను. 2002 మార్చి 3న భీమవరము నుండి బయలుదేరిన హెలికాప్టరు కైకలూరు చెంత చేపల చెరువులో కూలి, ఏబదియేండ్లకే వారు గతించిరి. ఢిల్లీలో పార్లమెంటు గ్రంథాలయ భవనమందలి ప్రేక్షాగృహమునకు వారి పేరు పెట్టిరి. సభ్యుల కొరకు అందు చలనచిత్రములు కూడ ప్రదర్శింతురు. ఎదుర్లంక నుండి యానామునకు గౌతమిని దాటించు వంతెనకును అదే పేరు.