కల్పిత లోకంలో శిస్తు కట్టే నెల

నిరుడు పదో తరగతి విద్యార్థి ఒకడు తాను రాస్తున్న జానపద నవల తెచ్చి చూపించాడు. మన్ననూరు దగ్గరి చెంచు పెంట నుంచి వచ్చిన కుర్రవాడు. నవలలోని లోకం పూర్తిగా అతని సృష్టి. ఇద్దరు చంద్రులు, నాలుగు వందల రోజుల సంవత్సరం, పది నెలలు, నెలలకు రత్నాల పేర్లు. లెక్క ఎక్కడా తప్పలేదు. కాని ఆ లోకంలో ఎవరూ బతుకుతున్నట్టు అనిపించలేదు.

"నీ మరకత మాసంలో ఏ పంట కోస్తార్రా? శిస్తు ఎవరికి కడతారు?" అని అడిగాను.

"ఉత్త కల్పన కద సార్" అన్నాడు.

అతనికి చెప్పిన జవాబునే ఇక్కడ కాస్త విస్తరించి రాస్తున్నాను. ఈ పొరపాటు అతనొక్కడిదే అయితే రాయవలసిన పని లేదు.

కాలం సహజమైనదే. కాలగణన మాత్రం మనుషులు కల్పించుకున్నది. కల్పించినవాడికి ఒక అవసరం వుంటుంది. దీనికి ఉదాహరణ కోసం ఏ కల్పిత లోకానికో వెళ్లనక్కరలేదు. మన్ననూరు వున్న ఈ అమ్రాబాదు ప్రాంతం 1948 దాకా హైదరాబాదు సంస్థానంలో వుండేది. ఇక్కడి సర్కారు కాగితాలన్నీ ఫసలీ లెక్కలో నడిచాయి. ఫసల్ అంటే పంట. హిజ్రీ సంవత్సరం చాంద్రమానం, సుమారు 354 రోజులు. అది రుతువుల కన్నా ఏటా 11 రోజులు ముందుకు జరుగుతుంది. ఆ లెక్కన వసూలు చేస్తే కొన్నాళ్లకు పైరు పొలంలో వుండగానే వసూలుదారు గడపలో నిలబడతాడు. రైతు 33 పంటలకు 34 శిస్తులు కట్టవలసి వస్తుంది. అక్బరు కాలంలో ఫసలీ పుట్టింది ఈ చిక్కు తీర్చడానికే. షాజహాను కాలంలో దక్కనుకు వచ్చింది. మన ఫసలీకి నెలను బట్టి 590 లేదా 591 కలిపితే క్రీస్తుశకం వస్తుంది. సంస్థానం కూలిన 1948 సెప్టెంబరు నెల ఫసలీ 1357లోది. దీన్ని రైతు మీద దయగా ఎవరూ పొరపడకూడదు. గాదె నిండిన రోజున వెళితేనే కదా వసూలుదారుకు ఏమైనా దొరికేది!

ఇక హైదరాబాదు ఫసలీ నెలల పేర్లు చూడండి: ఆజూర్, దై, బహమన్, ఇస్ఫందార్... అన్నీ ఇరాను నెలలు. తెలుగు రైతు విత్తనం మృగశిర కార్తెకు వేశాడు, పండగ చైత్ర వైశాఖాల లెక్కన చేశాడు, శిస్తు మాత్రం ఆజూర్, దై నెలల లెక్కన కట్టాడు. ఒకే ఇంట్లో మూడు కాలాలు! నైజాం కాలం మీద నవల రాయదలచిన వారికి ఇంతకన్నా ముడిసరుకు ఏం కావాలి?

పాలకుల పంచాంగాలనే విమర్శించి ఊరుకోవడం కూడా సరికాదు. ఫ్రెంచి విప్లవం 1793లో తెచ్చిన పంచాంగంలో నెలకు 30 రోజులు, పది రోజులకొక వారం. నెలల పేర్లు మంచు, గాలి, ద్రాక్షకోత వంటి వాటి నుంచి తీసుకున్నారు. ఎంతో అందమైన పేర్లు. కాని ఏడు రోజులకొకసారి వచ్చే సెలవు పదికొకటైంది. శ్రామికుడికి కవిత్వం దక్కింది, విశ్రాంతి తగ్గింది. 1806 జనవరి 1 నుంచి ఆ పంచాంగం రద్దయింది.

ఇంగ్లీషులో టోల్కిన్ తన కల్పిత లోకపు పల్లెవాసులకు 30 రోజుల నెలలు పన్నెండు ఇచ్చి, మిగిలిన రోజుల్ని నెలల వెలుపల నడివేసవికి, సంవత్సరాంతానికి పండగ దినాలుగా వుంచాడు. నెలల పేర్లకు ప్రాచీన ఆంగ్లం ఆధారం. అందుకే అవి వాడుకలో అరిగిన మాటల్లా వినిపిస్తాయి.

ఇదంతా విని మా కుర్రవాడు కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "నా పుట్టినరోజు కూడ మీరు కల్పించిందేనంట కద సార్" అన్నాడు.

నిజమే. అప్పట్లో నేను చిన్న తరగతులు చెప్పే బడిలో వుండేవాణ్ణి. వాళ్లమ్మ అతన్ని చేర్పించడానికి వచ్చి, "ఇప్పపువ్వు రాలేటప్పుడు పుట్టిండు సారూ, ఆ యేడు తేనె మస్తు దొరికింది" అన్నది. ఇప్పపువ్వు మార్చి, ఏప్రిల్ నెలల్లో రాలుతుందని నాకు తెలుసు. అయినా ప్రవేశ రిజిస్టరులో జూన్ 1 అని రాశాను. వయసు లెక్కకు సుళువు. ఆ పేజీలో సగం మందికి అదే తేదీ వేశాను. ఆమె రుతువు చెప్పింది, ఏడు గుర్తుపట్టడానికి ఆనవాలు కూడా చెప్పింది. గడిలో పట్టనిదల్లా నేను వదిలేశాను. నేడు ఆ పిల్లల ప్రతి ధ్రువపత్రం మీదా నా జూన్ 1 వుంది. పంచాంగకర్తల్ని విమర్శించడానికి కూర్చున్న నేను కూడా ఒక పంచాంగకర్తనే!

రెండు నెలల తర్వాత నవల మళ్లీ తెచ్చాడు. రత్నాల నెలలు తీసివేయలేదు. అవి కోటలోని లెక్కల పుస్తకంలోకి వెళ్లాయి. అడవిలోని వాళ్లు రోజుల్ని పువ్వుతో, తేనెపట్టుతో, గడ్డ వూరే కాలంతో లెక్కిస్తారు. మరకత మాసంలో వచ్చిన రాజోద్యోగి ఒక ముసలమ్మను వయసు అడుగుతాడు. ఆమె చెబుతూనే వుంటుంది, అతడు రాసుకుంటున్నది వేరే. ఆ ఘట్టం నేను రెండుసార్లు చదివాను.

ఇద్దరు చంద్రులుంటే నెల ఎవరి లెక్కన నడుస్తుందో తేల్చమన్నాను. పెద్ద చంద్రుడు కోటవాళ్లకు, చిన్న చంద్రుడు వేటకు పోయేవాళ్లకు అన్నాడు. ఒకడిని తీసేస్తే కథ సులువవుతుంది కదా అంటే మాత్రం ఎంతకూ ఒప్పుకోలేదు.