మూసీ వంతెనలు - హైదరాబాదు పేటల పుట్టుక

నగరం వెలసిన తరువాత నదిపై వంతెన నిర్మించడం సాధారణంగా జరిగే విషయం. హైదరాబాదు చరిత్రలో మాత్రం వంతెనే ముందు వచ్చింది. మూసీ నదిపై ఒక్కొక్క వంతెన నిర్మాణంతో నగర స్వరూపం మారుతూ వచ్చిన తీరు గమనింపదగినది.

1578లో ఇబ్రహీం కులీ కుతుబ్ షా కాలంలో మూసీపై రాతి కమానుల వంతెన నిర్మింపబడింది. అటుపిమ్మట 13 సంవత్సరాలకు, 1591లో, దక్షిణపు ఒడ్డున చార్మినారు కేంద్రంగా హైదరాబాదు వెలసింది. గోల్కొండకు, ఈ వంతెనకు నడుమనున్న కార్వాన్ ప్రముఖ వర్తక కేంద్రంగా వర్ధిల్లింది.

రెండవ వంతెన చాదర్‌ఘాట్ వద్ద 1831లో వచ్చింది. ఉత్తరపు ఒడ్డున ఉన్న బ్రిటిష్ రెసిడెన్సీ పరిసరాలకు పాతనగరంతో రాకపోకలు సులభమయ్యాయి. చాదర్‌ఘాట్ ప్రాంతం ఎంతగా విస్తరించిందంటే, 1886లో దానికి ప్రత్యేక పురపాలన ఏర్పాటయింది. 1933లో అది నగరంలో విలీనమయింది.

అఫ్జలుద్దౌలా పాలనాకాలంలో (1857-69) నిర్మించిన వంతెన కొసన అఫ్జల్‌గంజ్ ధాన్యపు విపణిగా రూపొందింది. ఈ కొత్త వంతెనను ప్రజలు నయాపూల్ అన్నారు. తొలి వంతెన పురానాపూల్‌గా నిలిచింది. 19వ శతాబ్దాంతంలో బేగంబజారు సమీపాన ముస్లింజంగ్ వంతెన ఏర్పడింది.

1908 సెప్టెంబరు 28 నాటి వరద వేలాది ప్రాణాలను బలిగొన్నది. మూడు వంతెనలు తెగిపోగా, పురానాపూల్ దెబ్బతిన్నప్పటికీ నిలిచింది. ఒకే నగరం రెండు ముక్కలయింది. మోక్షగుండం విశ్వేశ్వరయ్య సూచనల ఫలితంగా వరద నివారణకు ఉస్మాన్‌సాగర్ (1920), హిమాయత్‌సాగర్ (1927) జలాశయాలు రూపుదిద్దుకున్నాయి. పునర్నిర్మాణంలో భాగంగా నయాపూల్‌కు ఒకవైపు హైకోర్టు, మరొకవైపు ఉస్మానియా ఆసుపత్రి భవనాలు వెలసి, ఇరు ఒడ్ల ప్రజలకు ఆ వంతెన నిత్యావసరమయింది.

2020 అక్టోబరు వరదలలో మూసారాంబాగ్ వంతెనపై రాకపోకలు నిలిపివేయవలసి వచ్చినపుడు అంబర్‌పేట, మలక్‌పేట వాసులు చుట్టుదారులు పట్టవలసి వచ్చింది. వంతెన మూతపడితే వాహనదారునికి కలిగే ఆలస్యం కొన్ని నిమిషాలే కావచ్చు. కాలినడకన ఆవలి ఒడ్డుకు వెళ్ళే కూలీకి, విద్యార్థికి, రోగికి ఆనాటి పనే ఆగిపోతుంది.

కనుక వంతెనల రూపకల్పనలో వాహనాల సంఖ్యతో పాటు వరదమట్టం, పాదచారుల బాట, ఇరుకొసల చిరువ్యాపారుల జీవనోపాధి సైతం పరిగణనలోకి రావలసి ఉన్నది. మూసీ వంతెనల చరిత్ర తెలుపుతున్నది ఇదే.