మార్కు ఉంది, కారణం లేదు

విశాఖ ద్వారకా నగర్ కోచింగ్ సెంటర్లలో గ్రూప్స్‌కీ బ్యాంకు పరీక్షలకీ కుస్తీ పడుతున్నవాళ్లకి సర్కారు కొలువంటే ఒక్కటే గండం, లిస్టులో పేరు రావడం. చేరాక ఏటా మరో పరీక్ష ఉంటుందనీ, ఆ పేపరు పైఅధికారే దిద్దుతాడనీ వాళ్లకి ఎవరూ చెప్పరు. ఆఫీసుల్లో ఇప్పటికీ ‘సీఆర్’ (కాన్ఫిడెన్షియల్ రిపోర్టు) అనే పిలుచుకునే ఆ వార్షిక నివేదికను ముందు పెట్టుకునే శాఖాపరమైన ప్రమోషన్ల కమిటీ (డీపీసీ) ప్రమోషన్లు తేలుస్తుంది. ప్రమోషన్ రానివాడు కోర్టుకెక్కితే కేసులు వేయడం వీళ్లకి అలవాటేనని కొట్టిపారేస్తాం. పేరుపడ్డ కేసుల్ని విప్పి చూస్తే మాత్రం తగువు మూలం ఫైల్లోనే కనబడుతుంది. మార్కు ఉంటుంది, అది ఎందుకు పడిందో ఉండదు.

చట్టం ఉద్యోగికి ఇచ్చింది చిన్న హక్కే. ప్రమోషన్ ఇచ్చి తీరాలని అడగలేడు. అర్హత ఉన్నప్పుడు తన పేరు న్యాయంగా పరిశీలించమని అడగగలడు. అది 16వ అధికరణ కింద ప్రాథమిక హక్కని 1999లో అజిత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ పరిశీలన ఎలా పక్కదారి పడుతుందో దేవ్‌దత్ కేసు చూపిస్తుంది. ఆయన సరిహద్దు రోడ్ల సంస్థలో ఎగ్జిక్యూటివ్ ఇంజినీరు. సూపరింటెండింగ్ ఇంజినీరు కావాలంటే ఐదేళ్ల నివేదికల్లోనూ ‘వెరీ గుడ్’ ఉండాలి. 1993-94లో ‘గుడ్’ పడింది. చూడబోతే అది మెప్పే. చెడ్డ రిమార్కు అయితేనే ఉద్యోగికి తెలపాలన్నది అప్పటి పద్ధతి కనుక ఆయనకి ఆ సంగతే చెప్పలేదు. ఆ మెప్పే ప్రమోషన్‌ని మింగేసింది. గౌహతి హైకోర్టులో ఓడిపోయి, సుప్రీంకోర్టులో 2008 మే 12న గెలిచేనాటికి ఆయన రిటైరైపోయాడు. మంచిదైనా చెడ్డదైనా ప్రతి ఎంట్రీనీ ఉద్యోగికి తెలపాలనీ, దానిమీద మొరపెట్టుకునే వీలివ్వాలనీ, ప్రభుత్వరంగ సంస్థలకీ ఇదే వర్తిస్తుందనీ కోర్టు తేల్చింది. ఆ లెక్కన మన విశాఖ ఉక్కు ఫ్యాక్టరీ కూడా అందులోకి వస్తుంది. 2013లో సుఖ్‌దేవ్ సింగ్ కేసులో ముగ్గురు జడ్జీల బెంచి ఈ మాటనే ఖాయం చేసింది.

2009 మేలో కేంద్రం నివేదిక మొత్తం ఉద్యోగికి చూపించాలనీ, అభ్యంతరం ఉంటే 15 రోజుల్లో రాసుకోవచ్చనీ ఉత్తర్వు ఇచ్చింది. మాటల బదులు పదికి మార్కులు వచ్చాయి. 8 నుంచి 10 దాకా ‘అవుట్‌స్టాండింగ్’, 6 నుంచి 8 లోపు ‘వెరీ గుడ్’, 4 నుంచి 6 లోపు ‘గుడ్’. 1, 2 వేసినా, 9, 10 వేసినా ఎందుకు వేశారో ప్రత్యేకంగా రాయాలి, అవి అరుదుగా పడే మార్కులు కాబట్టి. నా దృష్టిలో అసలు లోపం ఇక్కడే ఉంది. ‘వెరీ గుడ్’ కావలసిన పోస్టుకి 5.8 వచ్చినవాడు ఆగిపోతాడు, 6.1 వచ్చినవాడు ముందుకెళ్తాడు. కారణం రాయమని గట్టిగా అడిగేది రెండు కొసల్లో, జాతకాలు తారుమారయ్యేది నడుమ. దేవ్‌దత్‌కి దెబ్బ తగిలిందీ ఆ నడుమనే.

ఆఫీసు పని జడ్జీలకి ఏం తెలుసని అడిగేవాళ్లున్నారు. నిజమే, ఆ సంగతి కోర్టులే ఒప్పుకుంటాయి. దేవ్‌దత్‌కి కూడా కోర్టు తానే మార్కు దిద్దలేదు. ఎంట్రీ తెలిపి, మొర విని, మళ్లీ పరిశీలించమంది. అంతా బయటపెడితే అధికారులు మొహమాటానికి అందరికీ ఎనిమిదో తొమ్మిదో వేసేస్తారన్నది ఇంతకంటే గట్టి అభ్యంతరం. మొహమాటం ఉన్న మాట వాస్తవం. ఏ పని ఎప్పటికి కావాలి, ఎప్పటికి అయింది అన్నది మార్కు పక్కన రాయవలసి వస్తే ఉదారంగా వేసే ఎనిమిదికీ, కక్షతో వేసే అయిదుకీ ఒకే అడ్డుకట్ట పడుతుంది. ఇక సీనియారిటీ చూసి ఇచ్చేస్తే గొడవే ఉండదంటారా? గ్రామీణ బ్యాంకుల ప్రమోషన్ల మీద బి.వి.శివయ్య కేసు 1998లో సుప్రీంకోర్టు దాకా వెళ్లింది ఆ సీనియారిటీ మీదే. ‘సీనియారిటీ కమ్ మెరిట్’ అంటే పనికి కావలసిన కనీస యోగ్యత ఉన్నవాళ్లలో సీనియరుకే ముందు ఇవ్వాలనీ, ఎవరు ఎక్కువ ప్రతిభావంతులన్న పోలిక అక్కర్లేదనీ కోర్టు చెప్పవలసి వచ్చింది. ఆ కనీసం ఎంతో తేల్చడానికైనా మళ్లీ మార్కులే కావాలి కదా!

రాష్ట్ర ఉద్యోగుల కథలో మరో మలుపుంది. 371-డి అధికరణ కింద ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ పరిపాలనా ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పుని మార్చేసే, రద్దుచేసే అధికారం ప్రభుత్వానికే ఉండేది. కేసులో ప్రతివాదీ తనే, తీర్పు చెల్లుతుందో లేదో చెప్పేదీ తనే! సాంబమూర్తి కేసులో 1986 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆ క్లాజుని కొట్టేసింది. 2020లో ఆ ట్రిబ్యునలే రద్దయింది. ఇప్పుడు విశాఖలోని రాష్ట్ర ఉద్యోగి అమరావతి హైకోర్టుకి వెళ్లాలి. అక్కడి రైల్వే ఉద్యోగికి హైదరాబాద్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ దిక్కు. వకీలు ఫీజులూ వాయిదాలూ సరేసరి. అందుకే కేంద్ర ఉద్యోగికి ఆ 15 రోజులు కోర్టుకంటే విలువైనవి. నా పని బాగుందని రాస్తే లాభం లేదు. స్వీయ మదింపులో తను చూపిన పనులు, గడువులు, పూర్తిచేసిన తేదీలు, ఏ అంశంలో మార్కు వాటితో పొసగడం లేదో రాయాలి. జవాబిచ్చే అధికారి ‘పరిశీలించి తిరస్కరించడమైనది’ అని ఒక్క ముక్కతో సరిపెట్టాడో, రేపు కోర్టులో ఉద్యోగి తరఫున ముందుగా దాఖలయ్యేది ఆ కాగితమే.