అవ్వ పింఛనే ఆధారం!

డర్బన్ అంటే మనవాళ్లకు ముందు క్రికెట్ గుర్తొస్తుంది. మద్రాసు రేవులో ఓడెక్కి, అక్కడి చెరకు తోటల్లో కూలికి పోయిన తాతముత్తాతలు కొన్ని ఇళ్లలో ఇంకా కథల్లో ఉన్నారు. 1860లో మొదలైన ఆ వలసలో తెలుగువాళ్లూ ఉన్నారు. 1931లోనే అక్కడ ఆంధ్ర మహాసభ పెట్టుకున్నారు. ఆ డర్బన్ ఉన్న క్వాజులు-నాటాల్ రాష్ట్రమే దక్షిణాఫ్రికాలో ఎయిడ్స్ దెబ్బకు అన్నిటికంటే ఎక్కువగా చితికింది.

అక్కడి జులూ పల్లెల్లో మగవాళ్లకు ఊళ్లో పని దొరికేది కాదు. జోహాన్నెస్‌బర్గ్ బంగారు గనులకు పోవాల్సి వచ్చేది. వర్ణవివక్ష రోజుల్లో పెళ్లాం బిడ్డల్ని వెంట తీసుకెళ్లనిచ్చేవారు కాదు. నెలల తరబడి గని హాస్టళ్లలోనే బతుకు. రోగాన్ని మొగుడు తెచ్చాడా, పెళ్లాం తెచ్చిందా అని పంచాయితీ పెట్టి లాభం లేదు. ఆలుమగల్ని విడదీసిన పద్ధతే రోగానికి దారి వేసింది.

పోయినవాళ్లలో ఎక్కువమంది చేతికందొచ్చినవాళ్లే. ఇంట్లో మిగిలింది అవ్వ, మనవలు! సర్కారు ఇచ్చే వృద్ధాప్య పింఛనుతోనే మొక్కజొన్న పిండి, బడి ఖర్చులు, చావు ఖర్చులూ. పూడ్చిపెట్టి, వచ్చినవాళ్లందరికీ భోజనం పెట్టాలి మరి. ఒక్క చావుతో నెలల రాబడి ఎగిరిపోతుంది.

మందుల్లేక కాదు. 2000 నాటికి మనిషికి ఏడాది మందుల ఖర్చు పదివేల డాలర్ల పైమాటే. 2001 ఫిబ్రవరిలో ముంబయి కంపెనీ సిప్లా 350 డాలర్లకే ఇస్తామంది. అంటే రోజుకు డాలరు కూడా పడదు. కానీ అప్పటి అధ్యక్షుడు ఎంబెకీకి ఎయిడ్స్‌కు వైరస్సే కారణమన్న నమ్మకం లేదు. ఆరోగ్య మంత్రి వెల్లుల్లి, బీట్‌రూట్ తినమన్నారు! సర్కారు ఆస్పత్రుల్లో మందులు మొదలైంది 2004లోనే. ఈ జాప్యానికి 3.3 లక్షలకు పైగా ప్రాణాలు పోయాయని 2008లో హార్వర్డ్ పరిశోధకులు లెక్కగట్టారు.

మందులొచ్చాక ఏమైంది? ఆ రాష్ట్రంలోని ఒక పల్లె ప్రాంతంలో పెద్దల ఆయుర్దాయం 2003లో 49.2 ఏళ్లు. 2011కి 60.5!

ఇప్పుడు హైదరాబాద్ వంతు. హెచ్‌ఐవీ సోకకుండా ఆర్నెల్లకోసారి వేసే సూది లెనకాపవిర్. దక్షిణాఫ్రికా, ఉగాండాల్లో 2,134 మంది ఆడపిల్లలకు వేసి చూస్తే ఒక్కరికీ సోకలేదని 2024లో తేలింది. అమెరికాలో దాని ధర ఏడాదికి 28 వేల డాలర్ల పైచిలుకు. అదే మందును డాక్టర్ రెడ్డీస్, హెటిరో 40 డాలర్లకే, అంటే మూడున్నర వేల రూపాయలకే, 2027 నుంచి 120 దేశాలకు ఇచ్చేలా 2025 సెప్టెంబరులో ఒప్పందాలయ్యాయి.

అయితే అదే ఏడాది జనవరిలో అమెరికా విదేశీ సాయం ఆపేసింది. దక్షిణాఫ్రికాలో ఆ డబ్బుతో నడిచిన క్లినిక్‌లు కొన్ని మూతపడ్డాయి. ఇంటింటికీ తిరిగి, మాత్రలు మానేసినవాళ్లను వెతికి పట్టుకొచ్చే ఆరోగ్య కార్యకర్తలు వేలమంది ఇంటిదారి పట్టారు.