కోతలు ముగిస్తే ఎలుకల మకాం యిళ్ళలోనే

తెనాలి, బాపట్ల, రేపల్లె: వరి పనలు కుప్పలయ్యేసరికి డెల్టా పల్లెల్లో ఎలుకలు మకాం మారుస్తాయి. మాగాణిలో తిండీ, నీడా ఒక్కసారిగా కరువవుతాయి మరి. గట్టు బొరియలోంచి గడ్డివాముకు, వాములోంచి పశువుల కొట్టానికి, అక్కడినుంచి వంటింటికి దారి వేసుకుంటాయి. కోతకు ముందు వరిలో మినుము చల్లిన చోట కొన్ని చేలోనే వుండిపోయి మొలకల మీద పడతాయి. కాలువలు, డ్రైన్లు పొంగినప్పుడు కూడా మెరక వెతుక్కుంటూ వూళ్ళోకే వస్తాయి. 2022 ఏప్రిల్‌లో బాపట్ల వేరే జిల్లా అయి రేపల్లె అందులో చేరింది, తెనాలి గుంటూరులోనే వుంది గాని, ఎలుకలకు ఆ సరిహద్దులు పట్టవు.

వచ్చింది ఏ రకమో చూడకుండా మందు పెట్టడం గుడ్డెద్దు చేలో పడ్డట్టే వుంటుంది. ముందు తోక చూడాలి. ఒంటికంటే తోక పొడవుగా, చెవులు పెద్దవిగా వుండి చూరు వెంట పరుగెత్తేది యింటి ఎలుక. అటక, తాటాకు కప్పు, కొబ్బరి మొవ్వు దాని జాగాలు. తోక ఒంటికంటే పొట్టిగా, ముట్టె మొద్దుగా వుండి నేల తవ్వి మట్టి ఎగదోసేది పందికొక్కు జాతి. అందులో చిన్నరకం వరి వెన్నులు కొరికి కలుగులో దాస్తుంది. పెద్దరకం గోడల కిందా, పునాదుల కిందా తవ్వుతుంది. పెంటికలు కూడా ఆనవాలే. చిట్టెలుకవి బియ్యపు గింజంత, యింటి ఎలుకవి అర అంగుళం దాకా, పందికొక్కువి అంతకంటే లావు.

ముట్టె సాగి, కంపు కొడుతూ, కీచుమంటూ గోడవారగా పోయే చుంచు అసలు ఎలుక జాతే కాదు. అది బొద్దింకలను, పురుగులను తింటుంది. దాన్ని బయటికి తరిమితే చాలు.

ఎలుక మూడు వారాలకే ఈనుతుంది. ఈతకు అయిదారు పిల్లలు, ఒక్కోసారి యింకా ఎక్కువ. అందువల్ల ఒకటి రెండు చచ్చాయని సంబరపడితే లాభం లేదు. దారులు మూయాలి. పెన్సిలు దూరే సందు చిట్టెలుకకు చాలు. బొరియలను గాజుపెంకులు కలిపిన సిమెంటుతో పూడ్చాలి. ధాన్యం బస్తాలను గోడకు ఎడంగా, బల్లలమీద పేర్చాలి. కొబ్బరిచెట్టుకు మనిషి ఎత్తుకు పైన అడుగున్నర వెడల్పు రేకు చుడితే ఎలుక ఎక్కలేదు. పిల్లి విషయం వేరు. పాలు దొరికే యింట్లో అది వేటమీద అంతగా శ్రద్ధ చూపదు.

ఎలుకకు అనుమానం ఎక్కువ. బోనును రెండు మూడు రోజులు బిగించకుండా, ఎండుచేపో, కొబ్బరిముక్కో పెట్టి వదలాలి. అలవాటు పడ్డాక బిగించాలి. చేలల్లో యానాదులు బుట్టలు పెట్టి ఎలుకలు పట్టే పద్ధతికి మందుతో పనే లేదు.

మందు తప్పదనుకుంటే నూకలు 96 పాళ్ళు, నూనె 2 పాళ్ళు, 0.25 శాతం బ్రోమడయొలోన్ పొడి 2 పాళ్ళు కలిపి పొట్లాలు కట్టి బొరియల్లో వేస్తారు. ఎలుక వెంటనే చావదు, కొన్ని రోజులు పడుతుంది. అందుకే తక్కినవాటికి అనుమానం రాదు. ఒక్క రైతే వేస్తే పక్క గట్టునుంచి కొత్తవి దిగుతాయి. వూరంతా ఒకే రోజున, వరి పొట్టదశకు రాకముందే వేయాలి.

జింక్ ఫాస్ఫైడ్ మాత్రం యింట్లో వాడరాదు. ట్యూబుల్లో వచ్చే పచ్చ భాస్వరం ముద్ద మరీ ప్రమాదం. పళ్ళపేస్టులా కనిపిస్తుంది కనుక పిల్లలు నోట్లో పెట్టుకుంటారు. మింగిన మొదటి ఒకటి రెండు రోజులు బిడ్డ మామూలుగానే కనిపించవచ్చు. ఆ తర్వాత కాలేయం దెబ్బతింటుంది. ఈ రెంటికీ విరుగుడు లేదు. బ్రోమడయొలోన్‌కు విటమిన్ కె విరుగుడుగా పనిచేస్తుంది. ఏది మింగినా "బాగానే వున్నాడుగా" అని ఆగకుండా, మందు పొట్లంతో సహా వెంటనే పెద్దాసుపత్రికి తీసుకుపోవాలి.

చచ్చిన ఎలుకను వట్టిచేత్తో ముట్టరాదు, కాలువలో పారవేయరాదు. చేతికి ప్లాస్టిక్ సంచి తొడుక్కుని తీసి, లోతుగా పూడ్చాలి. ఎలుక మూత్రం కలిసిన నీటివల్ల లెప్టోస్పైరోసిస్ జ్వరం వస్తుంది. కాలికి కోతపడినవారు బురద మడిలో దిగేముందు పుండుకు కట్టు కట్టుకోవాలి. జ్వరం, పిక్కల నొప్పి, కళ్ళ ఎరుపు కనిపిస్తే చేలో పని చేసిన సంగతి డాక్టరుకు చెప్పాలి.