‘కబురు చేస్తాం’ అన్న మాటకు కూలి ఎంత?

అపోహ: ఆడిషన్ అంటే ప్రతిభకు పరీక్ష.

వాస్తవం: పరీక్ష తప్పినవాడికి ఎక్కడ తప్పాడో తెలుస్తుంది. కోరుట్ల బీడీ కార్ఖానాలో సేటు పక్కన పడేసిన బీడీకి కూడా ఓ కారణం ఉంటుంది: ఆకు చిరిగిందనో, తంబాకు తక్కువైందనో. ఆడిషన్‌లో పక్కన పడేసిన మనిషికి దక్కేది మాత్రం ‘కబురు చేస్తాం’ అన్న మాటే. అక్కడ నటనతో పాటు ఎత్తు, రంగు, ముక్కు, అన్నిటికీ మించి ఎన్నాళ్లు ఆగగలరన్నది తేలుతుంది. సిరిసిల్ల నేత కార్మికుడికి సాంచ (మరమగ్గం) ఆగితే కూలి ఆగుతుంది. రాత్రి బస్సెక్కి, తెల్లారి సికింద్రాబాద్ జేబీఎస్‌లో దిగి, కెమెరా ముందు రెండు నిమిషాలు ఏడ్చి తిరిగొచ్చేసరికి రెండు రోజుల కూలి గోవిందా. ఆ ఏడుపు అంత సహజంగా ఎలా వచ్చిందని ఎవరైనా మెచ్చుకుంటే, జవాబు అందులోనే ఉంది.

అపోహ: సత్తా ఉంటే గంగవ్వకు వచ్చినట్టే అవకాశం వెతుక్కుంటూ వస్తుంది.

వాస్తవం: జగిత్యాల జిల్లా లంబాడిపల్లిలో ‘మై విలేజ్ షో’ యూట్యూబ్ ఛానల్ మొదలైంది 2012లో. కూలి పనులు చేసుకుని బతికిన గంగవ్వ ఆ వీడియోలతో ఇంటింటికీ తెలిశాకే 2019లో ‘మల్లేశం’, ‘ఇస్మార్ట్ శంకర్’ సినిమాల్లో కనిపించింది. 2023లో ‘బలగం’ సినిమా తీసిన సిరిసిల్ల బిడ్డ వేణు ఎల్దండి కూడా అప్పటికే టీవీ కామెడీ షో ‘జబర్దస్త్’తో జనానికి తెలిసిన ముఖమే. ఇవి ఆడిషన్ వరుస న్యాయంగా నడుస్తోందనడానికి సాక్ష్యాలు కావు. ఊళ్లోనో టీవీలోనో ముందే కెమెరా దొరికితే ఆ వరుసతో పని లేదనడానికి సాక్ష్యాలు.

అపోహ: అవమానం ఈ వృత్తిలో భాగం, ఓర్చుకోలేనివాళ్లు ఇంట్లో ఉండాలి.

వాస్తవం: ఒక్క పాత్రకు వందమంది వస్తే తొంభైతొమ్మిది మందిని కాదనక తప్పదు, ఆ హక్కు దర్శకుడిదే. కానీ కాదనడం వేరు, కాల్చుకు తినడం వేరు. ‘రిజిస్ట్రేషన్’ పేరిట డబ్బు గుంజడానికీ, కథ చెబుతానంటూ రాత్రిపూట గదికి పిలవడానికీ ఏ పాత్రతోనూ సంబంధం లేదు. పనిచోట లైంగిక వేధింపులపై 2013లో వచ్చిన చట్టం ప్రకారం, ఫిర్యాదు చేసే మహిళ అక్కడ ఉద్యోగే కానక్కర్లేదు. మలయాళ సినీరంగంలో మహిళల పరిస్థితిపై కేరళలో హేమ కమిటీ నివేదిక 2024లో బయటికొచ్చాక, ఈ వేధింపులు ఒకరిద్దరి దురదృష్టమన్న మాట కూడా నిలవలేదు. ఇక కాదన్నవాళ్లందరికీ జవాబు చెప్పే తీరిక ఎక్కడిదంటారా? ‘తీసుకోవడం లేదు’ అన్న రెండు ముక్కల మెసేజ్ వస్తే చాలు, మనిషి మరునాడు సాంచ మీదికి వెళ్లిపోతాడు. బీడీకి దక్కే మర్యాద మనిషికి అడగడం అత్యాశేమీ కాదు.